మధ్యంతర కస్టడీ

ఏ పోలీస్ స్టేషన్ ఆవరణలోనైనా చూడండి: టైర్లు నేలకు అతుక్కుపోయి, సీటు చినిగి, చువ్వల్లోంచి గడ్డి మొలిచిన బైకులు వరుసగా కనిపిస్తాయి. అవి కేసులో జప్తయిన బండ్లు. తీర్పు వచ్చేదాకా ఆగితే మిగిలేది తుక్కే. అందుకే యజమాని మేజిస్ట్రేట్ కోర్టులో పిటిషన్ వేసి, విచారణ ముగిసేలోపే వస్తువును తన దగ్గర ఉంచుకునే అనుమతి అడగవచ్చు. అదే మధ్యంతర కస్టడీ. వస్తువు చేతికొస్తుంది గానీ కేసు తేలిపోదు. బాండు రాసివ్వాలి, పిలిచినప్పుడు హాజరుపరచాలి.

సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో 2002లోనే సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది: ఫొటోలు, పంచనామా, పూచీకత్తు తీసుకుని బండ్లను త్వరగా ఇచ్చేయాలని. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (బీఎన్‌ఎస్‌ఎస్) 497వ సెక్షన్ గడువులూ పెట్టింది. వస్తువు కోర్టు ముందుకొచ్చిన 14 రోజుల్లో దాని వివరాల పట్టిక, ఆ తర్వాత 30 రోజుల్లో దాన్ని ఏం చేయాలో ఉత్తర్వు. ఈ గడువులు ముఖ్యమే: జప్తయిన ఆటో పోలీస్ స్టేషన్‌లో ఉన్నా దాని ఫైనాన్స్ వాయిదా ఆగదు. దాని మీద బతికే ఇంటికి ఒక్కో రోజూ బరువే. అటవీ, ఎక్సైజ్ కేసుల్లో మాత్రం చాలాసార్లు ముందు ఆ శాఖాధికారినే ఆశ్రయించాలి.