తలజుట్టుతో పేనిన తాళ్లు

ఏనుగులతో ఆల్ప్సు పర్వతాలు దాటి రోమును గడగడలాడించిన హానిబాల్ పేరు విననివారుండరు. ఆయన ఊరు కార్తేజి, నేటి ట్యునీషియాలో ఉండేది. రోముతో రెండు యుద్ధాల్లో ఓడినా, ఓడవర్తకంతో ఆ ఊరు మళ్లీ కలకలలాడింది. అదే రోముకు కంటగింపయింది.

క్రీ. పూ. 149లో రోము ముందుగా 300 మంది పెద్దింటి పిల్లలను జామీనుగా అడిగింది. తల్లులు గోలుగోలున ఏడుస్తూనే ఓడ ఎక్కించారు. తరువాత ఆయుధాలడిగింది. 2 లక్షల మందికి సరిపడే ఆయుధాలూ, రాళ్లు విసిరే యంత్రాలు 2 వేలూ బళ్లకెత్తి ఇచ్చారు. అప్పుడు బయటపడింది అసలు మాట: ఊరు పడగొడతాం, సముద్రానికి పది మైళ్ల ఎడంగా పోయి బ్రతకండి అని! ఓడలే జీవనమైనవాళ్లకు ఇది ఉరిశిక్ష కాదూ?

ఊరంతా తిరగబడింది. గుళ్లు కమ్మరి కొలుములయ్యాయి. ఆడా మగా రాత్రింబగళ్లు శ్రమించి రోజుకు 100 డాళ్లు, 300 కత్తులు చేశారని అప్పియన్ అనే చరిత్రకారుడు వ్రాశాడు. యంత్రాలకు తాళ్లు కావలసి వస్తే ఆడవాళ్లు తమ జుట్టు కోసి ఇచ్చారు.

అలా మూడేళ్లు నిలిచారు! 146లో స్కిపియో ఎమీలియానస్ సేనలు లోపల జొరబడ్డాక కూడా వీధివీధినా ఆరు రోజులు పోరు సాగింది. కోటలోంచి వచ్చి లొంగిపోయిన 50 వేల మందిని బానిసలుగా అమ్మేశారు. మండే ఊరిని చూసి స్కిపియో కంట తడి పెట్టాడట.

ఆ నేలలో ఉప్పు చల్లించారన్నది మాత్రం తరువాతివారి కల్పన. నూరేళ్లు పోయాక రోమనులే అక్కడ మళ్లీ ఊరు కట్టుకున్నారు.