మైదానం వుంది, మరి జట్టేదీ?

2024 డిసెంబరు 31వ తేదీ రాత్రి. హైదరాబాదు నగరమంతా కొత్త సంవత్సరం సంబరంలో వుంది. మిఠాయి దుకాణాల ముందూ, కేకుల దుకాణాల ముందూ జనం బారులు తీరి వున్నారు. అదే సమయంలో గచ్చిబౌలి స్టేడియంలో దీపాలన్నీ వెలిగించి ఫుట్‌బాలు ఆడుతున్నారు. అల్లాటప్పా ఆట కాదు, సంతోష్ ట్రోఫీ ఫైనలు. రాష్ట్రాల జట్ల మధ్య జరిగే పోటీల్లో దానికి మించినది మన దేశంలో లేదు.

ఆడినవాళ్ళెవరంటారా? ఒకవైపు బెంగాలు, మరోవైపు కేరళ. ఆట యిక ముగుస్తుందనగా బెంగాలు ఆటగాడు రోబి హాన్స్‌దా ఒక్క గోలు కొట్టాడు. దానితో బెంగాలుకు ముప్పైమూడోసారి కప్పు దక్కింది. ఆతిథ్యం యిచ్చిన తెలంగాణా జట్టు అంతదాకా రాలేదు. కల్యాణమండపం మనది, పెళ్ళి మాత్రం ఊరివాళ్ళెవరిదో అన్నట్టుగా జరిగిపోయింది ఆ రాత్రి.

ఇందులో వింతేమిటి, ఫుట్‌బాలు బెంగాలీల ఆటే కదా అని మీరనవచ్చు. నేటి పిల్లలైతే తప్పకుండా అంటారు. కాని వాళ్ళ తాతల కాలంలో హైదరాబాదులో యెవరైనా ఆ మాట అని వుంటే నవ్విపోయేవారు. ఇదే సంతోష్ ట్రోఫీని 1956–57లోనూ, 1957–58లోనూ వరసగా రెండేళ్ళు గెలిచింది హైదరాబాదు జట్టు. రెండోసారి పోటీలు జరిగింది కూడా ఈ ఊళ్ళోనే. ఆ తరువాత 1965–66లో ఆంధ్రప్రదేశ్ జట్టు పేరిట మరోమారు గెలిచాము. అప్పట్లో పెళ్ళీ మనదే, మండపమూ మనదే.

ఆ గెలుపులకు మూలం ఒక పోలీసు జట్టు. హైదరాబాదు సిటీ పోలీసు జట్టు అని దాని పేరు. రాష్ట్రం మారాక ఆంధ్రప్రదేశ్ పోలీసు జట్టయింది. ఆ జట్టు బొంబాయిలో జరిగే రోవర్స్ కప్పును 1950 నుంచి 1954 దాకా యేటేటా, వరసగా అయిదుసార్లు ఎగరేసుకువచ్చింది. మళ్ళీ 1957, 1960, 1963 సంవత్సరాలలో గెలిచింది. 1962లో ఈస్ట్ బెంగాలుతో కలిసి పంచుకుంది. స్వాతంత్ర్యం వచ్చాక ఢిల్లీలో డ్యూరాండ్ కప్పు పోటీలు తిరిగి మొదలైంది 1950లో. ఆ మొదటి కప్పు కూడా కలకత్తా మోహన్ బగాన్‌ను ఓడించి మనవాళ్ళే పట్టుకువచ్చారు. 1954, 1957, 1961లలో మళ్ళీ దక్కింది. ఇవన్నీ ఏకరువు పెట్టడం గొప్ప కోసం కాదు. ఈ లెక్క ఈ ఊరివాళ్ళలోనే చాలామందికి తెలియదు, అదీ నా బాధ.

పోలీసు ఉద్యోగమంటే నెల తిరిగేసరికి జీతం చేతికి వస్తుంది. దాని విలువ ఆనాటి ఆటగాళ్ళకు బాగా తెలుసు. వాళ్ళలో చాలామంది యిళ్ళలో పొయ్యి వెలగడమే కష్టం. బంతి బాగా తన్నే కుర్రవాడికి ఒక యూనిఫారం, ఒక జీతం, సాయంత్రం ఆడుకోవడానికి కాస్త తీరికా యిచ్చింది పోలీసు శాఖ. అతను బదులుగా ఊరికి కప్పులు తెచ్చాడు. ఈ బేరంలో యెవరూ నష్టపోలేదు.

కాని జీతాలిచ్చినంత మాత్రాన జట్టు తయారవదు. తయారుచేసిన మనిషి వేరే వున్నారు. ఆయన సయ్యద్ అబ్దుల్ రహీం. ఊరంతా రహీం సాబ్ అనేది. 1909లో పుట్టారు, బడిపంతులుగా పనిచేశారు. పంతులుగారి లక్షణాలు ఆయన ఆటలోనూ కనబడేవి. ఎవరికి ఏ పాఠం రాలేదో కనిపెట్టి, అదే పాఠం పదిసార్లు చెప్పేవారు. మన కుర్రవాళ్ళకు బంతి దొరికితే చాలు, ఒకడే నలుగురిని తప్పించుకుపోవాలని సరదా. చూసేవాళ్ళకూ ముచ్చటే, కాని ఆట ఓడిపోతాము. అందుకని రహీం గారు పిల్లలకు ప్రత్యేకంగా పోటీలు పెట్టారు. బంతిని తనదగ్గరే వుంచుకుని తిప్పుకుంటూ పోకూడదు, అందగానే తోటివాడికి అందించాలి, అదీ నియమం. ఇంకొక పోటీలో కుడికాలి వాటమున్నవాడు ఎడమకాలితోనే ఆడాలి, ఎడమకాలి వాటమున్నవాడు కుడికాలితోనే. కుడిచేత్తో అన్నం తినేవాణ్ణి ఎడమచేత్తో అక్షరాలు రాయమన్నట్టుంటుంది మొదట. ఏడాది తిరిగేసరికి మాత్రం వాడికి రెండు కాళ్ళూ ఒకటే అయ్యేవి.

ఆ పంతులుగారి చేతికే భారతదేశపు జట్టును కూడా అప్పగించారు. 1951లో ఢిల్లీలో జరిగిన ఆసియా క్రీడల్లో బంగారు పతకం వచ్చింది. 1956లో మెల్బోర్న్ ఒలింపిక్స్‌లో ఆస్ట్రేలియాను వాళ్ళ గడ్డమీదే 4–2 గోళ్ళతో ఓడించి, చివరకు నాలుగో స్థానంలో నిలిచాము. ఆ తరువాత యిన్నేళ్ళలో మనం ఒలింపిక్ ఫుట్‌బాలులో అంత దూరం వెళ్ళలేదు. ఆ జట్టులో అజీజుద్దీన్, నూర్ మహమ్మద్, అహమ్మద్ హుసేన్, జుల్ఫికరుద్దీన్, బలరాం యిలా హైదరాబాదు, సికింద్రాబాదు కుర్రాళ్ళు ఒకరి పక్కన ఒకరు కనబడతారు. 1962లో జకార్తాలో లక్షమంది మనకు వ్యతిరేకంగా అరుస్తూంటే దక్షిణ కొరియాను 2–1తో గెలిచి మళ్ళీ బంగారం తెచ్చారు. అప్పటికే రహీం గారిని క్యాన్సరు లోలోపల తినేస్తోంది. మరుసటి యేడు, 1963 జూన్ 11న ఆయన పోయారు.

తులసీదాస్ బలరాం సంగతి కొంచెం ఆగి చెప్పుకోవాలి. సికింద్రాబాదు దగ్గర అమ్ముగూడలో పేద తమిళ కుటుంబంలో పుట్టాడు. ఫుట్‌బాలు బూట్లు కొనే స్తోమతు లేదు. పోలీసులు తొడిగి తొడిగి వదిలేసిన పాత బూట్లను చెప్పులు కుట్టేవాడిచేత మార్పించుకుని, వాటితోనే ఆడాడని చెబుతారు. ఒకనాడు అతని ఆట రహీం గారి కంటబడింది. హైదరాబాదు వచ్చి మా జట్టులో ఆడమన్నారు. కుర్రవాడు తలవంచుకుని నుంచున్నాడు. రావాలనే వుంది, రోజూ అంతదూరం వచ్చిపోవడానికి డబ్బులేవీ? సంగతి గ్రహించి రహీం గారు అతనికి సైకిలు ఏర్పాటు చేశారట. ఆ సైకిలెక్కి వచ్చిన కుర్రవాడే 1956లో మెల్బోర్న్‌లోనూ, 1960లో రోములోనూ ఒలింపిక్స్ ఆడాడు. రోములో హంగరీ మీదా, పెరూ మీదా గోళ్ళు కొట్టాడు.

కాని చూడండి, బలరాం 1957లోనే కలకత్తా ఈస్ట్ బెంగాలు క్లబ్బుకు వెళ్ళిపోయాడు. ఆ తరువాతి తరంలో మహమ్మద్ హబీబ్, నయీముద్దీన్, షబ్బీర్ అలీ అందరిదీ అదే దారి. 1977లో పెలే కలకత్తా వచ్చి ఈడెన్ గార్డెన్స్‌లో ఆడినప్పుడు, ఆయన జట్టుమీద మోహన్ బగాన్ కొట్టిన రెండు గోళ్ళలో ఒకటి మన హబీబ్‌దే. కలకత్తాలో క్లబ్బులున్నాయి, వాటికి తరతరాల అభిమానులున్నారు, డబ్బుంది. మనకున్నది ఒక శాఖవారి జట్టు, దాన్ని నడిపించే ఒక్క పెద్దమనిషి. ఆయన పోయాక కొన్నాళ్ళు పాత ఊపు మీద బండి నడిచింది, తరువాత ఆగింది. వెళ్ళినవాళ్ళను నేను తప్పుపట్టను. హబీబ్ చివరకు తిరిగివచ్చి 2023లో సొంత ఊళ్ళోనే కన్నుమూశాడు. బలరాం మాత్రం బెంగాలులో ఉత్తరపాడాలో వుండిపోయాడు. 2023లో అక్కడి గడ్డమీదే వెళ్ళిపోయాడు.

ఇక మైదానాల మాట.

మన పెద్దలు ఫతేమైదాన్ అని పిలిచినదే యిప్పటి లాల్ బహదూర్ స్టేడియం. 1687లో గోలకొండను పట్టుకున్నప్పుడు ఔరంగజేబు సైన్యం ఇక్కడ విడిది చేసిందనీ, ఆ విజయం మీదుగా ఫతే అనే పేరు వచ్చిందనీ చెబుతారు. 1967లో శాస్త్రిగారి పేరు పెట్టారు. ఫుట్‌బాలులో ఊరు వెలిగిపోతున్న ఆ రోజుల్లోనే, 1955లో, ఇక్కడ న్యూజిలాండుతో క్రికెట్ టెస్టు ఆడారు. పాలీ ఉమ్రీగర్ 223 పరుగులు తీశాడు. టెస్టుల్లో భారతీయుడి మొదటి డబుల్ సెంచరీ అదే. ఆనాటి నుంచి మైదానం గుండ్రంగా, క్రికెట్ వాటంగా మారుతూ వచ్చింది. 2005లో పెద్ద క్రికెట్ ఉప్పలుకు తరలిపోయింది కాని, ఆకారం యెక్కడికి పోతుంది?

గచ్చిబౌలిది మరొక కథ. 2002 జాతీయ క్రీడల కోసం కట్టి, ఆ యేడే హెలికాప్టరు ప్రమాదంలో పోయిన లోక్‌సభ స్పీకరు బాలయోగి గారి పేరు పెట్టారు. ముప్పైవేలమంది దాకా పడతారు. చూడచక్కని స్టేడియం, కాదనను. కాని అది పరుగు పందేల స్టేడియం. ఫుట్‌బాలు మైదానం పొడవు 105 మీటర్లు, వెడల్పు 68. దాని చుట్టూ 400 మీటర్ల పరుగుబాట వేస్తే, బాట లోపలి ఖాళీ స్థలమే పొడవునా 157 మీటర్లు వస్తుంది. అంటే గోలుకూ బాటకూ మధ్య పాతిక మీటర్ల పైచిలుకు వృథా. ఆపైన యెనిమిది వరుసల బాట వెడల్పు దాదాపు పది మీటర్లు. లెక్క కట్టండి, గోలు వెనక మొదటి వరసలో టిక్కెట్టు కొన్నవాడు కూడా గోల్‌కీపరుకు ముప్పైఅయిదు మీటర్ల దూరంలో కూర్చుంటాడు. నాటకానికి వెళ్ళి మొదటి వరసలో కూర్చుంటే, రంగస్థలం వీధికి అవతల వున్నట్టు. మన కేకలు ఆటగాడికి వినబడవు, వాడి రొప్పు మనకు వినబడదు. ఫుట్‌బాలు అంటే సగం ఆ రొప్పే కదా!

దేశంలోకెల్లా గొప్ప జట్లలో ఒకదాన్ని కన్న నగరం ఆ జట్టు కోసమని ఒక పెద్ద ఫుట్‌బాలు స్టేడియం కట్టుకోలేదు. ఎప్పుడూ క్రికెట్టింట్లో, పరుగుపందెం ఇంట్లో అద్దెకున్నట్టే ఆడింది. నగర శివార్లలో శ్రీనిధి దక్కన్ క్లబ్బు ఫుట్‌బాలుకోసమే ఒక చిన్న మైదానం, దక్కన్ అరీనా, ఏర్పాటు చేసుకుంది. ఆ జట్టు 2022–23లోనూ, 2023–24లోనూ ఐ-లీగులో రెండో స్థానంలో నిలిచింది. మైదానం సొంతమైతే జట్టుకు కాలు నిలుస్తుందనడానికి అదొక గుర్తు అనుకుంటాను. కాకపోతే అక్కడ పట్టే జనం బహు కొద్దిమంది.

2019 ఆగస్టులో మళ్ళీ ఆశ చిగిర్చింది. హైదరాబాదు ఎఫ్.సి. అని కొత్త క్లబ్బు పెట్టి ఇండియన్ సూపర్ లీగులో దింపారు. పసుపు చొక్కాలు వేసుకుని కుర్రకారు గచ్చిబౌలి వెళ్ళడం మొదలుపెట్టారు. మొదటి యేడు జట్టు అట్టడుగున నిలిచింది. అభిమానులు తిట్టుకుంటూనే వెళ్ళారు, అభిమానమంటే అదే మరి. తరువాత కోవిడ్ వచ్చిపడింది. రెండేళ్ళపాటు లీగంతా గోవాలోనే ఆడించారు. సరిగ్గా ఆ రెండో యేడే మన జట్టు గెలిచింది! 2022 మార్చి 20న ఫటోర్డాలో కేరళ బ్లాస్టర్స్‌తో ఫైనలు. ఓడిపోయామనుకున్న సమయంలో, 88వ నిమిషంలో సాహిల్ తవోరా గోలు కొట్టి సమం చేశాడు. పెనాల్టీల దగ్గర గోల్‌కీపరు కట్టిమణి మూడు బంతులు ఆపాడు. హైదరాబాదు దేశపు ఛాంపియన్ అయింది. ఆ సీజనులో హైదరాబాదు గడ్డమీద ఒక్క ఆటా ఆడకుండానే!

మరుసటి సీజనులో ఇంటికి వచ్చి రెండో స్థానంలో నిలిచింది. ఆ తరువాత డబ్బు చిక్కులు మొదలయ్యాయి. మంచి ఆటగాళ్ళు ఒక్కొక్కరే వెళ్ళిపోయారు. 2023–24లో మళ్ళీ అట్టడుగు. యాజమాన్యం చేతులు మారింది. 2025లో ఆ క్లబ్బు ఢిల్లీకి తరలిపోయి, స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీ అని పేరు మార్చుకుంది. వెనక ఆటగాళ్ళు వెళ్ళిపోయేవారు, ఇప్పుడు జట్టుకు జట్టే మూటాముల్లె సర్దుకుపోయింది. పసుపు చొక్కాలు బీరువాల్లో వున్నాయి. వేసుకు వెళ్ళడానికి చోటు లేదు.

ఆడేవాళ్ళు లేరా అంటే వున్నారు. నిజామాబాదు జిల్లా తండాలో పుట్టిన గుగులోతు సౌమ్య 2022లో క్రొయేషియా వెళ్ళి డైనమో జాగ్రెబ్ క్లబ్బుకు ఆడింది. ఆదివారం పొద్దున్నే ఖాళీ స్థలం వున్న యే పేటకైనా వెళ్ళండి, రెండు ఇటుకలు గోలు కంబాలుగా పెట్టుకుని ఆడే పిల్లలు కనబడతారు. ఆ ఖాళీ స్థలంలో యెవరూ యిల్లు కట్టనంత కాలం ఆడతారు.

బలరాం పుట్టిన అమ్ముగూడ నగరానికి ఈ కొసన వుంది, గచ్చిబౌలి ఆ కొసన. ఇవాళ అమ్ముగూడలో బంతి బాగా తన్నే కుర్రవాడు ఒకడుంటే, వాడి ఆట చూసి రమ్మని పిలిచే పంతులుగారు ముందు కావాలి. పిలిచినా, ఆ దూరం సైకిలు మీద రోజూ వచ్చిపోయేది కాదు.