ఇండియానా ఫుట్‌బాల్ పునరుత్థానము: అపోహలు – వాస్తవములు

అమెరికా సంయుక్త రాష్ట్రములలో, ఇండియానా రాష్ట్రమున, బ్లూమింగ్టన్ పట్టణమందలి ఇండియానా విశ్వవిద్యాలయపు ఫుట్‌బాల్ జట్టు, 2021 మొదలు 2023 వరకు మూడేండ్లలో 9 ఆటలు మాత్రమే గెలిచి 27 ఆటలు ఓడి, ఆ దేశపు ప్రథమశ్రేణి కళాశాల జట్లన్నింటిలోను చరిత్రలోనే అత్యధిక పరాజయములు చవిచూచిన జట్టను అపకీర్తిని మోయుచుండగా, 2023 నవంబరు 30వ తేదీన కర్ట్ సిగ్నెటీ అను 62 ఏండ్ల వ్యక్తి దానికి ప్రధాన శిక్షకుడుగా నియుక్తుడయ్యెను. మరుసటి యేడే ఆ జట్టు వరుసగా 10 ఆటలు గెలిచి, 11 విజయములతో, 12 జట్లకు మాత్రమే ప్రవేశము గల జాతీయ ప్లేఆఫ్‌లో స్థానము సంపాదించెను. దానిని కొందరు అద్భుతమనిరి, కొందరు అదృష్టమనిరి, మరికొందరు ధనమహిమ యనిరి. ఈ మూడు మాటలును శ్రమించినవారి శ్రమను మరుగుపరచునవే. అమెరికాలో చదువుకొనుచున్న మన పిల్లల మూలమున ఈ యాట ముచ్చటలు తెలుగు లోగిళ్లకును చేరుచున్న యీ దినములలో, ఆ యపోహలను ఒక్కొక్కటిగా పరిశీలించుట ఉచితము.

అపోహ: ఇది కళాశాల విద్యార్థుల కాలక్షేపము, శిక్షకుడు మారినంత మాత్రమున ఒరుగునదేమియు లేదు.

వాస్తవము: ఇది బంతిని కాలితో తన్నుకొనుచు సాగు ఆట కాదు. కోలగానుండు బంతిని చేతబట్టి పరుగెత్తియో, తోడివానికి విసరియో, నాలుగు ప్రయత్నములలో 10 గజములు ముందునకు సాగవలెను; సాగినచో మరల నాలుగవకాశములు లభించును, సాగనిచో బంతి ప్రత్యర్థుల పరమగును. ప్రతి ప్రయత్నమునకును ముందుగా నిర్ణయించుకొన్న వ్యూహముండును. 11 మందిలో ప్రతివాడును ఏ యడుగు ఎటు వేయవలెనో కంఠస్థము చేసియుండవలెను. ఒక్కడు తప్పటడుగు వేసినను వ్యూహమంతయు భగ్నమగును. ఆటగాండ్రను ఏరుకొనువాడును, సహాయకులను నియమించువాడును, వ్యూహరచనకు బాధ్యత వహించువాడును ప్రధాన శిక్షకుడే యగుటచేత, జట్టులో ఆయన స్థానము సేనలో సేనాపతి స్థానము వంటిది.

అపోహ: ఇండియానా జట్టు ఎన్నడును గెలుపు మొగము చూడలేదు.

వాస్తవము: 1945లో బో మెక్‌మిలిన్ శిక్షణలో ఈ జట్టు 9 ఆటలు గెలిచి, ఒకదానిని సమముగా ముగించి, ఒక్కటియు ఓడక బిగ్ టెన్ కూటమిలో అగ్రస్థానము నందెను. 1967లో మరల 9 విజయములు సాధించి, సుప్రసిద్ధమైన రోజ్ బౌల్‌లో ఆడి సదరన్ కాలిఫోర్నియా చేతిలో ఓడెను. కాని శతాబ్దమునకు మించిన చరిత్రలో ఏ యేటను 10 విజయములు దానికి దక్కలేదు. 2024లో దాటబడిన గడప అదియే.

అపోహ: కొత్త శిక్షకుడు ఆ పాత ఆటగాండ్రతోనే మంత్రము వేసినట్లు గెలిపించెను.

వాస్తవము: మైదానమున దిగినవారిలో అనేకులు కొత్తవారు. ఒక కళాశాల నుండి మరియొక కళాశాలకు మారు ఆటగాడు ఒక యేడు ఆటకు దూరముగా నుండవలెనను పాత నిబంధన 2021 నుండి సడలిపోయెను. ఆ వెసులుబాటును సిగ్నెటీ సంపూర్ణముగా వినియోగించుకొనెను. అంతకుముందు ఆయన పనిచేసిన వర్జీనియాలోని జేమ్స్ మాడిసన్ విశ్వవిద్యాలయము నుండి 13 మంది ఆటగాండ్రు ఆయన వెంట వచ్చిరి. వ్యూహకర్తలైన మైక్ షానహన్, బ్రయంట్ హెయిన్స్‌లును అచటివారే. ఆ యేడు జట్టులో అత్యధిక గజములు సంపాదించిన గ్రాహకుడు ఎలైజా సారట్, ప్రత్యర్థులను పడగొట్టుటలో ప్రథముడైన ఏడెన్ ఫిషర్, బంతి విసరి దాడిని నడుపు ఎదిరి క్వార్టర్‌బ్యాక్‌ను పదిమారులు నేలకూల్చిన మికైల్ కమారా, ముగ్గురును ఆ బృందములోని వారే. ఐనను పాతవారందరు వెడలిపోయిరనుటయు సత్యము కాదు. క్వార్టర్‌బ్యాక్‌కు ఎడమవైపున కోటగోడగా నిలువవలసిన కార్టర్ స్మిత్, ఆ వరుసలోనే ఏండ్ల తరబడి ఓటముల నోర్చిన మైక్ కేటిక్ మొదలైనవారు నిలిచి పోరాడిరి. ఓటమిని రుచిచూచినవారును, గెలుపునకు అలవాటుపడినవారును ఒక్కచోట కూడుటయే ఆ జట్టు బలము. ఈ కూర్పు మంత్రము కాదు, వివేకము.

అపోహ: ఇదంతయు ధనముతో కొన్న విజయము.

వాస్తవము: ఆటగాండ్రు తమ పేరును, రూపును వ్యాపారప్రకటనలకు వినియోగించి ధనమార్జించుటకు 2021 జూలైలో అనుమతి లభించిన మాట నిజము, ధనబలము ఈ యాటలో పెరిగిన మాటయు నిజము. కాని ధనముతో కొనదగినవారిగా లోకము ఎంచిన ఆటగాండ్రు వేరు, సిగ్నెటీ కోరుకొన్నవారు వేరు. ఉన్నత పాఠశాలలో నుండగా నిపుణులిచ్చిన నక్షత్రముల సంఖ్యను గాక, కళాశాల మైదానమున ఇదివరకే చూపిన ఫలితమును ఆయన ప్రమాణముగా గైకొనెను. సారట్ మొదట ఆడినది పెన్సిల్వేనియాలోని సెయింట్ ఫ్రాన్సిస్ అను చిన్న విశ్వవిద్యాలయమున. క్వార్టర్‌బ్యాక్ కర్టిస్ రోర్క్ కెనడా దేశీయుడు. ఓహియో విశ్వవిద్యాలయమను మధ్యస్థాయి జట్టు నుండి వచ్చినవాడు. అతడు 2024లో, బంతిని ప్రత్యర్థుల తుదిగీత దాటించు టచ్‌డౌన్ పాసులు 29 విసరెను; మోకాటిలోని ప్రధాన సంధిబంధనము తెగియున్నను ఆ యేడు ఆడెనని ఆటలు ముగిసిన పిమ్మటగాని లోకమునకు తెలియలేదు. అట్టి ఓర్పునకు వెలకట్టగల ధనము ఏ కోశాగారమునను లేదు.

అపోహ: సిగ్నెటీ అనామకుడు, ఒక్క అదృష్టముతో పైకి వచ్చెను.

వాస్తవము: నియామకానంతరము, తన విజయములు తెలియగోరువారు గూగుల్‌లో వెదకుకొనవచ్చునని ఆయన పలికిన పలుకును గర్వోక్తిగా ఎంచినవారు పెక్కుమంది. ఆ సలహాను పాటించి నిజముగా వెదకినవారికి కనబడునది సుదీర్ఘ సాధన. అలబామా విశ్వవిద్యాలయమున ప్రధాన శిక్షకుడైన నిక్ సేబన్ వద్ద సహాయకుడుగా నుండి 2009 నాటి జాతీయ విజయములో పాలుపంచుకొన్న ఆయన, 2011లో ఆ వైభవమును వీడి, తన తండ్రి ఫ్రాంక్ సిగ్నెటీ పూర్వము శిక్షకుడుగా నుండిన పెన్సిల్వేనియాలోని ద్వితీయశ్రేణి జట్టునకు, తక్కువ జీతమునకే, ప్రధాన శిక్షకుడుగా వెళ్లెను. పిమ్మట ఈలాన్ విశ్వవిద్యాలయపు జట్టును చేపట్టెను. 2016లో 2 ఆటలు మాత్రమే గెలిచిన ఆ జట్టు ఆయన వచ్చిన తొలియేడే 8 గెలిచెను. తదుపరి జేమ్స్ మాడిసన్‌లో 52 గెలిచి 9 మాత్రమే ఓడెను. 13 ఏండ్లలో ఏ ఒక్క యేటను గెలుపులకన్న ఓటములు మిక్కిలి కాలేదు. బ్లూమింగ్టన్‌లో జరిగినది ఈలాన్‌లో ఒకమారు జరిగినదే. నాడు చూచినవారు కొలదిమంది, నేడు చూచినది దేశమంతయు.

అపోహ: బలహీనులపై గెలిచిరి, బలవంతులు ఎదురైనంతనే ఓడిరి.

వాస్తవము: ఈ విమర్శలో కొంత సత్యము కలదు. ఇండియానాకు ఆ యేడు ఎదురైన జట్లలో అనేకములు సామాన్యములు. కాని సామాన్యులపై ఆ జట్టు సాధించిన విజయములు సామాన్యములు కావు: నెబ్రాస్కాపై 56–7, చిరకాల ప్రత్యర్థియైన పర్డ్యూపై 66–0. నవంబరు 9న మిషిగన్‌తో జరిగిన ఆట దాని గుండెదిటవును చూపినది. సగము ఆట ముగియునప్పటికి 17–3తో ముందున్న ఇండియానా, పిదప దాడి స్తంభించి, 17–15కు దిగజారెను. సమము చేయుటకై మిషిగన్ తలపెట్టిన రెండు పాయింట్ల ప్రయత్నమును అడ్డుకొని, బంతిని గోలు స్తంభముల నడుమ తన్ని సాధించిన ఒక ఫీల్డ్ గోల్‌తో 20–15కు చేరి, ఆపై ఒక్క పాయింటైనను ఈయక రక్షకశ్రేణి నిలిచెను. సుందరముగా గెలుచుట పలువురకు చేతనగును. ఆట చెడినవేళను గెలుచుట కొందరికే చేతనగును.

ఇక ఆ యేటి రెండు పరాజయములు: ఓహియో స్టేట్ చేతిలో 38–15, ప్లేఆఫ్ తొలి యంకమున నోటర్ డేమ్ చేతిలో 27–17. రెండవ యాటలో ఇండియానా చేసిన రెండు టచ్‌డౌన్‌లు ఫలితము తేలిన పిమ్మట వచ్చినవే, వెనుకబాటు స్పష్టము. కాని 2025 జనవరి 20న జాతీయ విజేతృత్వమునకై తలపడిన జట్లు ఆ రెండే. దేశమున మొదటి రెండు జట్లకు తప్ప మరెవ్వరికిని తలవంచని జట్టును అనర్హమనుట న్యాయము కాదు.

అపోహ: రాత్రింబవళ్లు ఆటగాండ్రను పీడించి గెలిపించెను.

వాస్తవము: ఆటలు జరుగు కాలమున వారమునకు 20 గంటలకు మించి సాధన చేయింపరాదని జాతీయ క్రీడాసంఘపు నిబంధన. అన్ని జట్లకును ఆ గంటలే. భేదము వాని వినియోగములో కలదు.

అపోహ: అది ఒక్క యేటి మెరుపు.

వాస్తవము: 2025లో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయము నుండి వచ్చిన ఫెర్నాండో మెండోజా క్వార్టర్‌బ్యాక్‌గా నిలిచి ఉత్తమ కళాశాల ఆటగానికిచ్చు హైస్మన్ పురస్కారము నందగా, ఇండియానా బిగ్ టెన్ తుదిపోరున ఓహియో స్టేట్‌ను 13–10తో ఓడించి, 2026 జనవరిలో మయామీని 27–21తో జయించి, 16 ఆటలలో ఒక్కటియు ఓడక జాతీయ విజేతయయ్యెను.

కనుక 2024 నాటి విజయమును అద్భుతమని పిలుచుట ప్రశంసవలె కనబడినను వస్తుతః అన్యాయము. అద్భుతమునకు కారణముండదు, దానినుండి నేర్చుకొనదగినదియు ఉండదు. ఇచట కారణములు కలవు: చిన్న పట్టణములలో ఎవరును చూడని వేళ గడించిన పదమూడేండ్ల అనుభవము, కీర్తిని గాక పనితనమును చూచి మనుష్యులను ఎన్నుకొను దృష్టి, వెంటవచ్చినవారి విశ్వాసము, నిలిచియున్నవారి సహనము. కళాశాలకైనను, కార్యాలయమునకైనను, గ్రామమునకైనను కొత్త నాయకుని తెచ్చుకొను ప్రతివారును మొదట విచారింపవలసినది ఆయన వాగ్దానములను గాదు, ఆయన ఇదివరకు చక్కదిద్దిన చిన్న పనులను. ఇండియానా పెద్దలు 2023లో చేసినది ఆ విచారణయే. వారికి దక్కినది ఆ విచారణ ఫలమే.