హెబియస్ వేసేముందు దాచకూడనివి

ఆలుమగల గొడవ ముదిరి, భర్త పిల్లాణ్ణి తీసుకుని బందరులో తల్లి దగ్గరికి వెళ్లిపోయాడనుకోండి. బెజవాడలో మిగిలిన భార్యకు చుట్టాలు చెప్పేది ఒకటే: "హైకోర్టులో హెబియస్ వెయ్యమ్మా, పోలీసులే పిల్లాణ్ణి తెచ్చి నీ చేతిలో పెడతారు." హైకోర్టున్న నేలపాడు కృష్ణ అవతలి ఒడ్డునే ఉంది. కానీ ఈ సలహాలో సగమే నిజం. హెబియస్ కార్పస్ అంటే అక్రమ నిర్బంధంలో ఉన్న మనిషిని కోర్టు ముందుకు తెప్పించే రిట్.

తండ్రి దగ్గరుంటే అది అక్రమ నిర్బంధమేననుకోవడం మొదటి అపోహ. 1956 నాటి హిందూ మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం ప్రకారం తండ్రి సహజ సంరక్షకుడే. ఐదేళ్లలోపు బిడ్డ మాత్రం మామూలుగా తల్లి దగ్గరే ఉండాలని అదే చట్టం చెబుతోంది. కాబట్టి చంటిబిడ్డను లాక్కెళ్లిన కేసుకూ, పన్నెండేళ్ల పిల్లాడి కేసుకూ చాలా తేడా ఉంది. ఎవరి దగ్గర బాగా పెరుగుతాడో సాక్ష్యాలతో తేల్చాల్సి వస్తే, అది పిల్లాడు మామూలుగా ఉండే ఊరి ఫ్యామిలీ కోర్టు పని.

తండ్రికి హక్కుంది కాబట్టి బిడ్డ ఆయనకే వస్తుందనుకోవడమూ తప్పే. తల్లి చనిపోయి, పాప తల్లి తోబుట్టువుల దగ్గర పెరుగుతున్న కేసులు రెండు సుప్రీంకోర్టుకు వెళ్లాయి. 2019లో పాపను తండ్రికి ఇచ్చారు. 2024లో మాత్రం తండ్రికి అప్పగించమన్న హైకోర్టు ఉత్తర్వును కొట్టేశారు. బిడ్డ చేతులు మార్చే వస్తువు కాదన్నారు. రెండింటిలోనూ చూసింది బిడ్డ క్షేమాన్నే.

పిల్లల కస్టడీకి అమెరికా కోర్టు ఆర్డరు ఉంటే చాలన్న నమ్మకం మన వలస కుటుంబాల్లో ఉంది. సియాటిల్‌లో కాపురమున్న తెలుగు దంపతుల కేసులో 2013లో ఆ ఆర్డరుకు సుప్రీంకోర్టు గట్టి విలువే ఇచ్చింది. 2017లో సుప్రీంకోర్టే ఇచ్చిన మరో తీర్పు తర్వాత అది లెక్కలోకి తీసుకునే అంశాల్లో ఒకటి మాత్రమే.

ప్రేమపెళ్లి చేసుకున్న మేజరు కూతురి కోసం తల్లిదండ్రులు హెబియస్ వేస్తే, కోర్టు అడిగేది ఆమె ఇష్టాన్ని. ఆమెతో ఏకాంతంగా మాట్లాడాలనీ, కౌన్సెలింగ్ పేరుతో మనసు మార్చే ప్రయత్నం చెయ్యకూడదనీ 2024 మార్చిలో సుప్రీంకోర్టు మార్గదర్శకాలిచ్చింది.

అన్నిటికన్నా ప్రమాదకరమైన అపోహ ఇది: "మనకు చెడు చేసేవి మనమెందుకు రాయాలి? అవతలివాళ్లే చెప్పుకుంటారులే." రాయాలి, తప్పకుండా రాయాలి. హెబియస్‌లో కోర్టు మొదట కదిలేది మీ ఒక్కరి అఫిడవిట్‌ను నమ్మే. ఫ్యామిలీ కోర్టులో కస్టడీ పిటిషన్ నడుస్తోందా? విడాకుల కేసుందా? భర్త వేధింపుల కేసు (పాత 498-ఎ) పెట్టారా? వేసవి సెలవులకు పిల్లాణ్ణి మీరే పంపి, పంపినట్టు వాట్సాప్‌లో మెసేజ్ పెట్టారా? కూతురు ఫోన్ చేసి "నేను బాగానే ఉన్నాను" అని చెప్పిందా? ఇవన్నీ తేదీలతో సహా అఫిడవిట్‌లో ఉండాలి. అవతలి లాయరు ఆ మెసేజ్‌ను బెంచి ముందు పెట్టిన రోజున మీరు చెప్పిన మిగతా నిజాలూ విలువ కోల్పోతాయి. ముఖ్యమైన విషయాలు దాచి రిట్ వేస్తే, లోతుల్లోకి వెళ్లకుండానే కొట్టేయవచ్చని 2008లో స్టీల్ అథారిటీపై వచ్చిన కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. అబద్ధపు అఫిడవిట్‌కు క్రిమినల్ చర్య కూడా ఉంటుంది. నన్ను బాధపెట్టేది మరొకటి. నిజంగానే బిడ్డకు దూరమైన తల్లి, ఎవరో చెప్పారని ఒక్క కాగితం దాచి, ఆ కేసునే పోగొట్టుకోవడం.

ఖర్చుకు భయపడక్కర్లేదు. 1987 నాటి న్యాయసేవల చట్టం కింద స్త్రీలకూ పిల్లలకూ ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం ఉంది. హైకోర్టు కేసులకు అక్కడి లీగల్ సర్వీసెస్ కమిటీలో దరఖాస్తు చేసుకోవచ్చు. వాళ్లిచ్చే లాయరు ముందు కూర్చున్నప్పుడు మీకు ఇబ్బంది కలిగించే కాగితాన్నే ముందు తియ్యండి.