కెమెరా వెనక విజయలక్ష్మి

సినిమా పేర్లు పడుతున్నంతసేపూ మా ఇంట్లో ఎవరి పని వారిదే. ఒకరు మంచినీళ్లకు లేస్తారు, ఇంకొకరు అప్పడాల పళ్లెం దగ్గరికి లాక్కుంటారు. హీరో, హీరోయిన్ల పేర్లయ్యాక ఎవరూ చదవరు. నేను మాత్రం ‘ఛాయాగ్రహణం’ అన్న మాట కోసం చూస్తాను. కారణం చిన్నదే. మా ఇళ్లలో పెళ్లిళ్లప్పుడు కెమెరా ఎప్పుడూ మామయ్యల చేతుల్లోనే. ఒకసారి ఇమ్మని అడిగితే “ఆడపిల్లలు తీస్తే తలకాయలు తెగిపోతాయే” అనేవారు. (వాళ్లు తీసినవాటిలో ఎన్ని తలలు తెగాయో ఆల్బం చూస్తే తెలుస్తుంది, అది వేరే సంగతి!)

అందుకే బి.ఆర్. విజయలక్ష్మి అంటే నాకు అంత ఆసక్తి. ఆసియాలోనే మొదటి మహిళా ఛాయాగ్రాహకురాలని ఆవిడకు పేరు. సినిమా ఇంటి పిల్లే. ఎన్టీఆర్ కృష్ణుడుగా వేసిన తమిళ ‘కర్ణన్’ (1964), బి. సరోజాదేవి చేత కత్తి పట్టించిన కన్నడ ‘కిత్తూరు చెన్నమ్మ’ (1961) తీసిన బి.ఆర్. పంతులు గారి అమ్మాయి. ఆయన 1974లోనే పోయారు. నాన్న పేరు గుమ్మందాకా తీసుకెళ్తుందేమోగానీ, లోపల లైటింగు చెయ్యదు కదా!

1980లో మహేంద్రన్ దర్శకత్వంలో వచ్చిన తమిళ ‘నెంజత్తై కిళ్ళాదే’కి ఆవిడ ఛాయాగ్రాహకుడు అశోక్ కుమార్ దగ్గర సహాయకురాలు. ఆ సినిమాకి ఆయనకు జాతీయ అవార్డు వచ్చింది. అందులో హీరోయిన్ ఎవరనుకున్నారు? మన సుహాసిని. ఆవిడా కెమెరా పని నేర్చుకుని, అశోక్ కుమార్ గారి దగ్గరే సహాయకురాలిగా చేసిన అమ్మాయే. ఒకే గురువు, ఒకే సినిమా. ఒకమ్మాయి కెమెరా ముందుకొచ్చి ఇంటింటికీ తెలిసిన ముఖమైంది. ఒకమ్మాయి వెనకే నిలబడింది.

అప్పటి పని ఇప్పటిలాంటిది కాదు. ఇప్పుడు తీసిన మరుక్షణమే తెర మీద చూసుకోవచ్చు. ఆ రోజుల్లో అంతా ఫిల్ము. వెయ్యి అడుగుల రీలు 11 నిమిషాల్లో అయిపోతుంది. నటి ముఖం దగ్గర మీటరు పెట్టి వెలుతురు కొలవాలి, లెన్సు ఎంత తెరవాలో లెక్క చూసుకోవాలి. తీసింది ఎలా వచ్చిందో ల్యాబులో కడిగి, ప్రింటు వేస్తేగానీ తెలియదు. అప్పటికి హీరో కాల్షీటు అయిపోయి ఉంటుంది, సెట్టు కూల్చేసి ఉంటారు. అంటే కెమెరాలోంచి చూసిన మనిషి “బాగా వచ్చింది” అన్న ఒక్క మాట మీద నిర్మాత లక్షలు పెట్టాలన్నమాట. ఆ మాట ఒక ఆడమనిషి చెబితే నమ్మాలి! నా మటుకు నాకు అసలు అడ్డంకి ఇదే అనిపిస్తుంది. కెమెరా బరువంటారా, నెత్తి మీదొకటి చంకనొకటి బిందెలు మోసే ఆడవాళ్లున్న దేశంలో అదీ ఒక సాకేనా?

నమ్మినవాడు భాగ్యరాజ్. 1985లో ‘చిన్న వీడు’ సినిమాతో ఆవిడకు సొంతంగా కెమెరా అప్పగించాడు. చిన్న వీడు అంటే మన ‘చిన్నిల్లు’. పెళ్లాం లావుగా ఉందని బయటికి చూపులు పోనిచ్చే మగాడి కథ. దాన్ని తీసిన కన్ను ఆడదాని కన్ను కావడం భలే తమాషాగా లేదూ!

ఆ తర్వాత 20కి పైగా సినిమాలు. 1995లో ‘పాట్టు పాడవా’కి దర్శకత్వం. హీరో మన ఎస్పీ బాలు గారు. మళ్లీ దర్శకురాలిగా కనిపించింది 2018లో, ‘అభియుమ్ అనువుమ్’తో. మధ్యలో సరిగమ సంస్థలో ఉద్యోగం. రెండు సినిమాల మధ్య 23 ఏళ్లు, అంటే ఒక పిల్ల పుట్టి పెళ్లీడుకొచ్చేంత కాలం! ఈలోగా 2002లో రేవతి తీసిన ‘మిత్ర్, మై ఫ్రెండ్’కి ఫౌజియా ఫాతిమా కెమెరా పట్టారు.

పోయిన ఆదివారం ‘చిన్న వీడు’ పెట్టుకుని చూశాను. తమిళం సగమే అర్థమైంది. పేర్లు పడుతుంటే మావారు మంచినీళ్లకు లేచారు.

“కాసేపు కూర్చోండి” అన్నాను.