శఠవాయువు: జన్మద్వారమున వీచు మరపు గాలి

వైష్ణవాలయమున తీర్థము పుచ్చుకొనిన పిమ్మట, స్వామి పాదముద్రలు గల శఠగోపమును అర్చకుడు శిరస్సుపై ఉంచగా తల వంచి సాగిపోవు భక్తులలో, ఆ పేరు వెనుక ఒక గాలి కథ కలదని ఎరిగినవారు కొలదిమందియే. ఆ గాలికి శఠమని పేరు. భూమిపై పడిన ప్రతి శిశువును ఆ క్షణముననే తాకి, గర్భవాసమున మేల్కొనియుండిన పూర్వజన్మజ్ఞానమును అది కప్పివేయునని శ్రీవైష్ణవ సంప్రదాయము చెప్పుచున్నది.

ఈ భావన తమిళ విష్ణుభక్తకవులగు ఆళ్వారుల చరిత్రలకే పరిమితమైనది కాదు. దేహమున సంధులు 180, మర్మస్థానములు 107, హృదయము 8 పలములు, నాలుక 12 పలములు అని వర్తకుడు సరకు తూచినట్లు మానవశరీరమును తూచి లెక్కించిన గర్భోపనిషత్తే, తొమ్మిదవ మాసమున శిశువునకు గతజన్మలన్నియు స్ఫురించుననియు, ఈ మారు వెలువడినచో భగవంతుని శరణు పొందెదనని అది సంకల్పించుకొనుననియు, కాని పుట్టినంతనే వైష్ణవవాయువు సోకి జననమరణములను మరచిపోవుననియు వర్ణించినది. విష్ణుపురాణము ఆ స్థానమున బాహ్యవాయువు స్పర్శను చెప్పును. భాగవత తృతీయస్కంధమున కపిలుడు తల్లియగు దేవహూతికి బోధించు ఘట్టము మరింత హృదయవిదారకమైనది. అచ్చట శిశువు నూరు జన్మల కర్మను స్మరించుచు, గర్భనరకమున బాధపడుచుండియు, వెలుపలనున్న సంసారమను చీకటినూతిలో పడుటకంటె ఇచ్చటనే ఉండుట మేలని వేడుకొనును. వేడుకోలు ముగియకమునుపే ప్రసూతిమారుతము దానిని తలక్రిందుగా త్రోసివేయును. స్మృతి నశించి, ఊపిరాడక, అది నేలపై పడును. ఒకచోట వెలుపలికి వచ్చి తరింపగోరిన శిశువు, మరియొకచోట రానొల్లని శిశువు. గాలి ఇరువురిని ఒకే తీరున ఓడించినది.

మరపును నీటికో నిప్పునకో అప్పగింపక గాలికే ఏల అప్పగించిరి? తల్లి కడుపులో ఊపిరితిత్తులతో పని లేని ప్రాణి, లోకమునుండి మొట్టమొదట స్వీకరించునది గాలినే. బ్రతికించు ఆ తొలి శ్వాసముననే గతమును హరించు శక్తిని చూచిన పౌరాణికుల ఊహ, నా దృష్టిలో, మన వాఙ్మయమునందలి మిక్కిలి లోతైన ఊహలలో ఒకటి. పూర్వజన్మల మాట అటుంచినను, ఈ జన్మలోని తొలి మూడేండ్ల ముచ్చటలు సైతము పెద్దలమైన మనలో అత్యధికులకు జ్ఞప్తికి రావు. మెదడులో హిప్పోకాంపస్ అను భాగమున శైశవమున విరివిగా పుట్టు కొత్త నాడీకణములు పాత జ్ఞాపకముల అల్లికను మార్చివేయుచుండుట ఇందులకొక కారణము కావచ్చునని 2014లో టొరంటో శాస్త్రజ్ఞులు ఎలుకలపై జరిపిన ప్రయోగముల ఆధారముతో ప్రతిపాదించిరి.

ఈ గాలికి లోబడనివాడు ఒక్కడున్నాడని సంప్రదాయము చెప్పును. తామ్రపర్ణీతీరమున తిరుక్కురుగూరులో కారి, ఉడైయనంగై దంపతులకు పుట్టిన బాలుడు, తన్నాక్రమింపవచ్చిన శఠవాయువును కోపముతో హుంకరించి తరిమివైచెనట, అందువలననే శఠకోపుడయ్యెను. ఆతడే నమ్మాళ్వారు, ఆలయమున శిరస్సుపై ఉంచు శఠగోపమునకు పేరు ఆతనినుండి వచ్చినదే. ఏడ్వక, పాలు త్రాగక, కన్ను తెరువక, ఆదినాథస్వామి కోవెలలోని చింతచెట్టు క్రింద 16 ఏండ్లు యోగనిష్ఠలో ఉండెననియు, ఉత్తరదేశయాత్రలో నుండిన, పిదప ఆతని శిష్యుడైన మధురకవి ఆకసమున ఒక తేజస్సును గాంచి, దానిని వెంబడించి వచ్చి ప్రశ్న వేయగా తొలిసారి నోరు విప్పెననియు గురుపరంపర గాథలు చెప్పును. ఆ నోట వెలువడినవే తిరువాయ్‌మొళి మొదలగు నాలుగు ప్రబంధములు.

ఐనను, శఠకోపుని తాకజాలని మరపు ఆతని పాటలను తాకినది! కొన్ని తరములు గడచునప్పటికి పాశురములనబడు ఆ పాటలను పాడువారు కరవైరి. వీరనారాయణపురవాసియగు నాథముని ఒకనాడు యాత్రికుల నోట పది పాశురములు విని పరవశుడై, వేయింటిలో ఇవి పదియని చివరి పాశురముననే ఉండుటచే, తక్కినవి ఏవని అడిగెను. వారికి తెలియలేదు. ఆతడు వెదకుచు కురుగూరు చేరగా అచ్చటను తెలిసినవారు లేరైరి. మిగిలియున్నది మధురకవి తన గురువుపై చెప్పిన 11 పాశురములు మాత్రమే. వానినే చింతచెట్టు క్రింద కూర్చుండి 12,000 మార్లు జపింపగా, నమ్మాళ్వారు ప్రత్యక్షమై తన పాశురములనే గాక ఇతర ఆళ్వారుల కృతులనుగూడ కలిపి నాలుగువేల పాశురముల నాలాయిరమును అనుగ్రహించెనట. ఈ గాథలో నా మనస్సును పట్టియుంచునది ప్రత్యక్షమగుట కాదు, ఆ పండ్రెండువేల ఆవృత్తి. గాలిని గద్దించుట అవతారపురుషునకు చెల్లును. చేతనున్న పదునొకండు పాశురములను విసుగక వల్లించుట మానవుడు చేయదగిన పని, నాథముని చేసినది అదియే.

ఆతడు తన మేనల్లుండ్రిరువురకు ఆ పాశురములను రాగతాళములతో నేర్పెను. నేటికిని తిరుమలలో వైకుంఠ ఏకాదశికి 11 దినముల ముందు ఆరంభమై 25 దినములు సాగు అధ్యయనోత్సవమున నాలాయిరము పారాయణము జరుగుచున్నది. ఇంట తెలుగే మాటలాడు వైష్ణవకుటుంబముల బాలురు, తెలుగులిపిలో అచ్చైన ప్రబంధము దగ్గరనే ఉన్నను, గురువు ఒకమారు చెప్పగా తాము రెండుమార్లు అనుచు, ఆ తమిళపాశురములకు సంత చెప్పుకొనుచున్నారు.