ఒక్క ‘లేదా’ దగ్గర ఆగిన మా కేసు

“ఇది కవర్డ్ మ్యాటరండీ, ఏం కంగారు పడకండి” అన్నారు లాయర్‌గారు. 2017 చివర్లో నాన్నతో కలిసి హైదరాబాద్ హైకోర్టుకి వెళ్లిన రోజు అది. నేనప్పుడు బీటెక్ ఫైనలియర్. కవర్డ్ అంటే ఏంటో తెలియకపోయినా తలూపాను.

తర్వాత అర్థమైంది. మన పిటిషన్‌లో ఉన్న ప్రశ్నకి పై కోర్టు ఇంతకుముందే జవాబు చెప్పేసి ఉంటే, జడ్జిగారు మళ్లీ మొదటినుంచీ వాదనలు వినరు. ఆ తీర్పు ఇక్కడ వర్తిస్తుందా అని చూసి, చిన్న ఆర్డర్‌తో ముగించేస్తారు. ఒకే సమస్యతో వందమంది వస్తే అందరివీ బ్యాచ్‌గా కట్టి ఒకే తీర్పు ఇస్తారు. సుప్రీంకోర్టు చెప్పిన చట్టాన్ని దేశంలోని కోర్టులన్నీ పాటించాలని రాజ్యాంగం 141వ అధికరణంలో ఉంది. మా భాషలో అయితే, ఒకసారి రాసిన ఫంక్షన్‌నే అన్నిచోట్లా పిలుచుకోవడం.

మా సంగతికొస్తే, ఊళ్లో తాతయ్య పేరున ఉన్న రెండెకరాలకి 2004లో ప్రభుత్వం భూసేకరణ అవార్డు ఇచ్చింది. పంచనామా రాసి స్వాధీనం చేసుకున్నామన్నారు. రేటు మీద గొడవ తేలక పరిహారం ట్రెజరీలోనే ఉండిపోయింది. అక్కడ ఒక్క గోడా లేవలేదు. తాతయ్య ఎప్పట్లాగే మినుములు వేసుకునేవాడు.

2014 జనవరి 1న కొత్త భూసేకరణ చట్టం అమల్లోకి వచ్చింది. అప్పటికి అవార్డు ఇచ్చి ఐదేళ్లు దాటి, భూమి స్వాధీనం చేసుకోకపోయినా ‘లేదా’ పరిహారం ఇవ్వకపోయినా పాత సేకరణ రద్దయినట్టేనని అందులో 24(2) సెక్షన్. అదే నెలలో పుణె మున్సిపల్ కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు ముగ్గురు జడ్జీల బెంచ్, ట్రెజరీలో వేస్తే చెల్లించినట్టు కాదంది. మా పక్క గట్టు పెద్దాయన ఆ తీర్పు చూపించి 2015లో గెలిచేశారు. ప్రభుత్వం అప్పీలుకి వెళ్లలేదు. నాన్న మాత్రం “చూద్దాంలే” అంటూ రెండేళ్లు గడిపేశారు.

2018 ఫిబ్రవరిలో ఇండోర్ డెవలప్‌మెంట్ అథారిటీ కేసులో మరో ముగ్గురు జడ్జీల బెంచ్, పుణె తీర్పు సరికాదంది. నిజానికి సమాన బెంచ్ తీర్పు నచ్చకపోతే పెద్ద బెంచ్‌కి పంపాలి తప్ప కాదనకూడదు. అందుకే రెండు వారాలు తిరక్కముందే ఇంకో బెంచ్ కలగజేసుకుని, ఇలాంటి కేసులు కాస్త ఆపమని హైకోర్టుల్ని కోరింది. మాదీ ఆగింది. లాయర్‌గారి నోట ‘కవర్డ్’ అన్న మాట మళ్లీ వినలేదు.

2020 మార్చి 6న ఐదుగురు జడ్జీలు తేల్చారు. ఆ ‘లేదా’ని ‘మరియు’లా చదవాలట. స్వాధీనమూ జరక్క, పరిహారమూ ఇవ్వకపోతేనే రద్దు. పంచనామా రాస్తే స్వాధీనమైనట్టే, ఆ తర్వాత భూమిలో ఉన్నవాళ్లు ఆక్రమణదారులే. అంటే మినుములు వేసిన మా తాతయ్య కూడా! కోడ్‌లో ‘ఆర్’ తీసి ‘అండ్’ పెడితే ఏమవుతుందో నాకు తెలుసు. కానీ అది రెండెకరాల మీద పడితే ఎలా ఉంటుందో అప్పుడే చూశాను. మా పిటిషన్ కొట్టేశారు. ఈసారీ కవర్డ్ మ్యాటరే, కాకపోతే అవతలివైపు నుంచి.

మరి పక్కాయన? తర్వాత ఇంకో కేసులో పై కోర్టు వేరేలా చెప్పిందన్న కారణంతో పాత తీర్పుని రివ్యూ చేయకూడదని సివిల్ ప్రొసీజర్ కోడ్ 47వ ఆర్డర్‌లోనే ఉంది. కాబట్టి ఆయన భూమి ఆయనదే. అదే నోటిఫికేషన్, అదే పంచనామా, మధ్యలో ఒక్క గట్టు. కేసులకి ఎక్కడో ఒకచోట ముగింపు ఉండాలని ఒప్పుకుంటాను. కానీ కోర్టుకి ఏ ఏడాది వెళ్లామన్నదే భూమిని తేల్చేయడం నాకిప్పటికీ న్యాయంగా అనిపించదు.

మీ ఊళ్లో ఎవరైనా ఇలాంటి కేసు గెలిచారని తెలిస్తే ఆ తీర్పు కాపీ వెంటనే సంపాదించండి. పొరుగువాళ్లకి పెరిగిన పరిహారం చూపించి మనకీ పెంచమని అడగడానికైతే చట్టం ఇచ్చే గడువు మూడు నెలలే.

నాన్న ఇప్పుడు ట్రెజరీలో ఉన్న డబ్బుకి అప్లికేషన్ పెట్టారు. తాతయ్య వారసుల సర్టిఫికెట్ కావాలన్నారు. ఆ పని మీదే శనివారం ఊరెళ్తున్నా.